యుద్ధం ఆగినాక ఏమవుతుందంటే

అమ్మణ్ణీ,

టీవీలో వార్తలు చూసి "యుద్ధం ఆగిపోతే వాళ్లంతా ఇళ్లకు పోయి మామూలుగా బతుకుతారు కదా నాన్నా" అన్నావు. ఫోన్లో చెప్తే తెగేది కాదని రాస్తున్నా.

1990 ఆగస్టు 2న ఇరాక్ సైన్యం కువైట్లో దిగేనాటికి నేను అక్కడ బేల్దారి పనిలో ఉన్నా, మన ఉదయగిరి వైపు వాళ్లు ఇంకా చాలామంది ఉన్నారు. బస్రా, బాగ్దాద్ మీదుగా జోర్డాన్ చేరి, అమ్మాన్ నుంచి ఎయిరిండియా విమానంలో బొంబాయిలో దిగాం. లక్ష మందికి పైగా మనవాళ్లని అట్లానే తెచ్చారు. బతికొచ్చామన్న సంతోషం నాలుగు రోజులే, వీసాకి తెచ్చిన అప్పు మీద వడ్డీ యుద్ధమొచ్చిందని ఆగదు కదా. మీ అమ్మ పుస్తెలతాడు తాకట్టుకు పోయి మెడలో పసుపుతాడు మిగిలింది, కలుపు కూలికి పోయి ఇల్లు నడిపింది ఆమే.

92లో మళ్లీ వెళ్లా. ఇరాక్ వాళ్లు తగలబెట్టిన ఆరు వందలకు పైగా నూనె బావుల్ని అంతకుముందు నవంబరుకే ఆర్పేశారు గానీ, ఆ మసి గోడల్ని వదల్లేదు. సబ్బునీళ్లతో ఎంత రుద్దినా జిడ్డు పోదు, దాని మీద సిమెంటు పూస్తే తెల్లారేసరికి పెచ్చులుగా ఊడి పడేది, అందుకని పాత పూతంతా చెక్కేసి మళ్లీ మొదటి నుంచి పూసేవాళ్లం. మందుపాతరలున్నాయి, ఎడారి వైపు పోవద్దనేవాళ్లు.

మేం అప్పు పెట్టే కిరాణా కొట్టాయన, పాలస్తీనా మనిషి, నేను పోయేసరికి లేడు. యుద్ధం తర్వాత వాళ్లకి ఆ దేశంలో చోటు లేకుండా పోయింది, లక్షల మంది వెళ్లిపోయారు. నాకంటే తిరిగి రావడానికి ఊరుంది, ఆయన ఎక్కడికి పోయాడో అని ఇప్పటికీ అనుకుంటూ ఉంటా.

తర్వాత ఐక్యరాజ్యసమితి ఇరాక్ నూనె డబ్బుల్లోంచి నష్టపరిహారం ఇప్పించింది. అన్నీ వదిలేసి వచ్చిన ఒక్కో మనిషికి తక్కువలో తక్కువ 2,500 డాలర్లు, అదీ ఏళ్ల తర్వాత. అక్కణ్ణుంచి వచ్చామని రుజువు కావాలి. నా పాస్‌పోర్టుని మీ అమ్మ బియ్యం డబ్బాలో దాచింది కాబట్టి స్టాంపు చూపించగలిగా, కాగితాలన్నీ దారిలో పోగొట్టుకున్నవాళ్లు ఆఫీసుల చుట్టూ తిరిగి తిరిగి అలిసిపోయారు. ఆ డబ్బుతో ముందు పుస్తెలతాడు విడిపించాం, మిగిలింది అప్పుకే సరిపోయింది.

నీ సర్టిఫికెట్లన్నీ జిరాక్సు తీసి ఒక సెట్టు ఇంటికి పంపు, ఈ వారమే.

మీ నాన్న