గుండమ్మ పేరు ఏదండీ?

సంపాదకుడు గారికి నమస్కారం.

మొన్న ఆదివారం మీ పత్రికలో 'టీవీలో ఈ వారం సినిమాలు' శీర్షిక చూశాను. 'గుండమ్మ కథ' పక్కన ఎన్టీఆర్, ఏఎన్నార్, సావిత్రి, జమున అని అచ్చు వేశారు. మరి గుండమ్మగా వేసిన సూర్యకాంతం ఏదండీ? సినిమాకి పెట్టిందే ఆవిడ పాత్ర పేరు. శుభలేఖలో పెళ్లికూతురి పేరు మర్చిపోయినట్టుంది!

చోటు లేదంటారేమో. సూర్యకాంతం వర్ధంతికి మాత్రం చోటు దొరుకుతుంది. అప్పుడు కూడా 'ఆవిడ గయ్యాళి వేషాలు చూశాక ఆడపిల్లలకి సూర్యకాంతం అని పేరు పెట్టడం మానేశారు' అన్న పాత జోకు ఒకటి వేసి ఊరుకుంటారు. నవ్వొచ్చే మాటే, కాదనను. కానీ ఏటా అదేనా?

ఆవిడ పుట్టింది 1924 అక్టోబరులో. 'సంసారం'లో గయ్యాళితనం చూపించి పేరు తెచ్చుకునేనాటికి 26 ఏళ్లు. 1957లో 'మాయాబజార్'లో ఘటోత్కచుడికి తల్లి హిడింబిగా వేసింది. ఆ కొడుకు ఎస్వీ రంగారావు 1918లో పుట్టినవాడు, అంటే తల్లికంటే ఆరేళ్లు పెద్ద. 1962లో వచ్చిన 'గుండమ్మ కథ'లో అల్లుళ్లు కూడా అంతే. ఎన్టీఆర్ ఏడాదిన్నర పెద్ద, ఏఎన్నార్ నెల పెద్ద. ఎన్టీఆర్ నిక్కరు వేసుకుని, ఇద్దరూ పాటలు పాడుకుంటూ కుర్రాళ్లలా తిరిగితే, 37 ఏళ్ల ఈవిడ వాళ్లకి అత్తగారైంది. చూసేవాళ్లలో ఒక్కరికీ అనుమానం రాలేదు. దాన్ని నటన అనరా?

ఆవిడ ఎడమచెయ్యి విసురు అందరికీ తెలుసు. నాకు అంతకంటే గొప్పగా అనిపించేది మాట. ఎంత గబగబా తిట్టినా ఒక్క అక్షరం నలగదు. ఇంకోటి చెప్పాలి. మా అత్తగారు ఈ సినిమా ఎప్పుడు వేసినా సగం దాకా గుండమ్మని తిడుతూనే కూర్చుంటారు. ఛాయాదేవి చేతిలో గుండమ్మ అగచాట్లు పడే ఘట్టం రాగానే 'అయ్యో పాపం' అని కొంగు కళ్లకి అద్దుకుంటారు. అరగంట కింద తిట్టిన నోరే అది. జనం చేత ఒకే సినిమాలో ఈ రెండూ చేయించడం ఎంతమంది హీరోయిన్ల వల్ల అయింది?

సర్కారు సంగతి వేరే చెప్పాలా? జాతీయ అవార్డుల్లో సహాయ నటి విభాగం మొదలైందే 1984 సినిమాలతో. అప్పటికి ఆవిడ అరవైలో పడింది. తోటివాళ్లలో రేలంగికి 1970లో, అల్లు రామలింగయ్యకి 1990లో పద్మశ్రీ ఇచ్చారు, సంతోషం. సూర్యకాంతం 1994 డిసెంబరులో పోయింది, పద్మశ్రీ లేకుండానే.

ఢిల్లీవాళ్లని నిలదీసేంత దాన్ని కాను, మిమ్మల్ని అడగగలను. ఆ శీర్షికలో ఇంకో రెండు పేర్లు పట్టించండి. సూర్యకాంతం, ఛాయాదేవి, నిర్మలమ్మ, రమణారెడ్డి, ఎవరుంటే వాళ్లవి. టీవీవాళ్లు టైటిల్స్ కోసేసి తిన్నగా కథలోకి వెళ్లిపోతున్నారు. ఇంట్లో పిల్లలు 'ఆ తిట్టే ఆవిడ ఎవరు?' అని అడిగితే చెప్పడానికి మీ పేపరన్నా ఉండాలి కదా.

'గుండమ్మ కథ' మళ్లీ ఎలాగూ వేస్తారు. ఆ రోజు పేపరు తెరిచి చూస్తాను.

ఇట్లు,
మీ పాత పాఠకురాలు