తదితరులు ఎవరు?

రాష్ట్ర రెవెన్యూ శాఖ మంత్రి గారికి,

అయ్యా, నమస్కారం. ఇంతకుముందు మూడు అర్జీలు పెట్టుకున్నాను. రసీదులు ఉన్నాయి, జవాబులు లేవు. లేవంటే అబద్ధమవుతుంది, ప్రతిసారీ ఫోనుకు ఒక మెసేజ్ వచ్చింది: 'మీ అర్జీ పరిష్కరించబడినది.' ఎవరు, ఎప్పుడు, ఏం పరిష్కరించారో ఎవరూ చెప్పలేదు. అందుకే ఈసారి నలుగురూ చదివేలా రాస్తున్నాను.

కాలువకు మా పొలం పోయిన సంగతి, 1894 నాటి పాత భూసేకరణ చట్టం కింద అవార్డు (పరిహారం ఇంతని తేల్చిన ఉత్తర్వు) ఇచ్చిన సంగతి, రేటు చాలదని రిఫరెన్స్ (కేసును కోర్టుకు పంపడం) అడిగిన సంగతి మళ్లీ ఏకరువు పెట్టను. నా గోడు అంతా ఒక్క మాట గురించే. భూసేకరణ అధికారి కోర్టుకు పంపిన రిఫరెన్స్ లేఖ నకలు నా ముందుంది. హక్కుదారుల పేర్లు రాయవలసిన చోట మా పెదనాన్న పేరు, పక్కన 'తదితరులు' అని ఉంది. అంతే. జాబితా లేదు, జత చేసిన కాగితం లేదు. టైపు చేసినవారికి ఆ సాయంత్రం ఆఖరి బస్సు అందుకోవాలన్న తొందరేమో.

అయ్యా, ఆ తదితరులం మేమే. పట్టా పెదనాన్న పేరున ఉంది కానీ ఆ మూడున్నర ఎకరాలు ముగ్గురు అన్నదమ్ములది. గట్లు వేసుకుని ఎవరి వాటా వారు దున్నుకున్నారు. విచారణ రోజున ముగ్గురూ వెళ్లారు. నాన్న వాంగ్మూలం నకలు కూడా సంపాదించాను. కింద వేలిముద్ర సిరా ఎక్కువై సగం అలికినట్టుంది, అయినా బొటనవేలి మీది కొడవలి గాటు గీత అందులో తెలుస్తోంది. ఆయన లేరు, గీత ఉంది. భూమిలో హక్కు ఉందని నమ్మడానికి కారణం కనిపించిన ప్రతివారి పేరూ అధికారి కోర్టుకు తెలపాలని పాత చట్టం సెక్షన్ 19 చెబుతోంది. దాని స్థానంలో వచ్చిన 2013 చట్టం సెక్షన్ 65లోనూ అలాంటి మాటే ఉంది. ఆ వేలిముద్రకు మించిన కారణం ఇంకేం కావాలో మీరే చెప్పాలి.

మమ్మల్నీ కేసులో చేర్చమని కోర్టులో ఇంప్లీడ్ పిటిషన్ వేశాం. కొట్టేశారు. జడ్జి గారిని తప్పు పట్టను. రిఫరెన్స్‌లో లేనివారు నేరుగా వచ్చి మమ్మల్నీ చేర్చండి అంటే కుదరదని సుప్రీంకోర్టే చెప్పింది, అదీ ఉమ్మడి రాష్ట్రంలో నిజామాబాద్ నుంచి వెళ్లిన కేసులో. 2006లో మరో కేసులోనూ అదే మాట. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో పార్టీలను చేర్చుకునే రూలు ఉంది కదా అంటే, ఇక్కడ అది చెల్లదట. అధికారి పంపినంత వరకే ఈ కోర్టుకు అధికారమట. పోనీ అని అధికారి దగ్గరికి వెళితే, 'ఫైలు కోర్టులో ఉంది, మా చేతుల్లో ఏముంది?' అంటారు. రాయని చేయి వారిదే మరి!

భూమి ఎవరి కోసం తీసుకున్నారో ఆ స్థానిక సంస్థకు మాత్రం కోర్టులో తన మాట చెప్పుకునే హక్కు ఉందని 1994లోనే సుప్రీంకోర్టు అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం తేల్చింది. డబ్బు కట్టేవారి మాట వినాలి, కాదనను. పొలం పోగొట్టుకున్నవారి మాట ఎవరు వినాలి?

పెదనాన్న ఉన్నంతకాలం మాకు ఈ బెంగ లేదు. మొదట వచ్చిన డబ్బు ముగ్గురికీ సమానంగా పంచిన మనిషి ఆయన. ఆయన పోయాక తొంభై రోజుల్లో వారసులను చేర్చాలని వకీలు గారు చెప్పారు. ఒక కొడుకు ఖరగ్‌పూర్ నుంచి, ఇంకొకరు సూరత్ నుంచి రైలెక్కి వచ్చి వకాల్తా మీద సంతకాలు చేశారు. ఊళ్లో ఉన్న పెద్దవాడూ చేశాడు. ముగ్గురూ చేరిపోయారు. అంటే చనిపోయినవారి చోటు నింపడానికి దారి ఉంది, బతికున్న మా చిన్నాన్నకు లేదు. ఆయనకు డెబ్బై ఎనిమిదేళ్లు. ప్రతి వాయిదాకూ ఉదయం బస్సుకు శ్రీకాకుళం వస్తారు, పిలవని పేరు కోసం సాయంత్రం దాకా బెంచీ మీద కూర్చుంటారు. వద్దంటే వినరు.

పెదనాన్న కొడుకులు చెడ్డవాళ్లేం కాదు. వచ్చింది పంచుతామనే అంటున్నారు. కానీ మొన్న వాళ్లింట్లో పెళ్లికి మమ్మల్ని బొట్టు పెట్టి పిలవలేదు, శుభలేఖ పిల్లవాడి చేత పంపారు. మా ఇళ్ల మధ్య రెండే గుమ్మాలు. పెరిగిన పరిహారం వాళ్ల పేరున జమయ్యాక ఆ గుమ్మం తొక్కి వాటా అడగమంటారా?

వాటాల తగాదాగా పాత చట్టం సెక్షన్ 30 కింద విడిగా కోర్టుకు పంపవచ్చని, రేటు చాలదని రిఫరెన్స్ అడిగే సెక్షన్ 18లోలాగా దానికి గడువు లేదని మా వకీలు గారు అంటున్నారు. దయచేసి ఆ పని చేయించండి. లేదా ఆ 'తదితరులు' ఎవరో కోర్టుకు ఒక ఉత్తరం రాయించండి. ఏదో ఒకటి చేయించండి. ఇకపై ఏ రిఫరెన్స్ లేఖలోనూ ఆ మాట కనబడకుండా ఉత్తర్వు ఇవ్వండి. ముందు మా చిన్నాన్న పేరు ఎక్కించండి, ఆయనకు వ్యవధి లేదు.

ఇట్లు,
శ్రీకాకుళం జిల్లా నుంచి ఒక రైతు కొడుకు

తాజా కలం: ఈ లేఖను కూడా అర్జీగా నమోదు చేసుకుని, పరిష్కరించబడినదని మెసేజ్ మాత్రం పంపకండి.