కొర్రీలన్నీ ఒకేసారి వేయండి

సంపాదకులకు నమస్కారం.

ఆరోగ్యశ్రీ వంటి ప్రభుత్వ వైద్య పథకాల కింద ఆసుపత్రులకు రావాల్సిన బకాయిల మాట పత్రికలకు ఎక్కిన ప్రతిసారీ చర్చ ఎన్ని కోట్లన్న లెక్క దగ్గరే మొదలై అక్కడే ముగుస్తోంది. ఈ పథకాల కింద వైద్యం చేసే నెట్‌వర్క్ ఆసుపత్రులు సేవలు ఆపుతామనడం, ప్రభుత్వం కొంత సొమ్ము విడుదల చేయడం, కొన్నాళ్లకు మళ్లీ అదే మాట వినిపించడం ఆంధ్రప్రదేశ్‌లోనూ తెలంగాణలోనూ చూస్తూనే ఉన్నాం. నిధుల కొరత నిజమే. కానీ బిల్లు నిధుల దాకా వెళ్లకముందే కాగితాల దగ్గర ఆగిపోయే కాలం ఒకటుంది, దాని ఊసు ఎవరూ ఎత్తడం లేదు. గుంటూరు జిల్లాలోని ఒక యాభై పడకల ఆసుపత్రిలో మెడ్కోగా, అంటే పథకం కాగితాలు చూసే వైద్యురాలిగా, పనిచేస్తున్నాను కనుక ఆ సంగతి రాయడం నా బాధ్యత అనుకుంటున్నాను.

తుంటి ఎముక విరిగిన ఒక వృద్ధురాలి ఫైలు ఎలా నడుస్తుందో చెబితే విషయం అర్థమవుతుంది. ఆమె ఆసుపత్రికి రాగానే, పథకం తరఫున రోగులకు సాయపడే ఆరోగ్యమిత్ర ఆమె కార్డు, ఆధార్ చూసి పేరు నమోదు చేస్తారు. మేము ఎక్స్‌రే, రక్త పరీక్షలు, డాక్టరు రాసిన నోట్సు, మంచం మీద ఉన్న ఆమె ఫొటో జతచేసి ముందస్తు అనుమతి కోరతాం. ఆపరేషన్ అయ్యాక ఆపరేషన్ నోట్సు, మత్తు డాక్టరు నోట్సు, ఎముకకు అమర్చిన రాడ్డు స్టిక్కరు, దాని బిల్లు, ఆ తర్వాత తీసిన ఎక్స్‌రే, రోజువారీ కేసు షీటు, డిశ్చార్జి సమ్మరీ, దారి ఖర్చులు ముట్టినట్టు ఆమె వేసిన వేలిముద్ర అన్నీ కంప్యూటర్‌లోకి ఎక్కిస్తాం. వీటిలో ఏ ఒక్కటీ అనవసరమని నేననను. ప్రజల సొమ్ముకు ఆ మాత్రం లెక్క ఉండాల్సిందే.

అసలు ఇబ్బంది ఆ తర్వాత మొదలవుతుంది. ఎక్స్‌రే మీద తేదీ స్పష్టంగా లేదని బిల్లు పరిశీలించేవారి నుంచి ఒక కొర్రీ, అంటే అభ్యంతరం, వస్తుంది, మళ్లీ స్కాన్ చేసి పంపుతాం. కొన్నాళ్లకు స్టిక్కరు మీది నంబరు కనబడడం లేదని రెండో కొర్రీ వస్తుంది, అదీ సరిచేస్తాం. అది తీరాక, గాయం మానిన ఫొటో కావాలని మూడోది. అప్పటికి ఆ వృద్ధురాలు రేపల్లె అవతల ఏదో పల్లెలో తన ఇంట్లో ఉంటుంది. కొడుకు ఒకరోజు కూలి మానుకుని, ఆటో మాట్లాడుకుని, అడుగు తీసి అడుగు వేయలేని తల్లిని ఒక్క ఫొటో కోసం పట్నానికి తీసుకురావాలి. ఈ మూడు లోపాలూ ఫైలు తెరిచిన మొదటి రోజే కంటికి కనబడేవే. మూడూ ఆ రోజే చెప్పి ఉంటే కుట్లు తీయించుకోవడానికి వచ్చినప్పుడే ఫొటో తీసి పంపేవాళ్లం. ఇది ఏదో ఒక్క చోట జరిగిన పొరపాటు కాదు, ఏ మెడ్కోను అడిగినా ఇలాంటివి నాలుగైదు చెబుతారు.

మోసాలు జరుగుతున్నాయి కదా, కఠినంగా లేకపోతే ఎలా అని అడిగేవారికి నా దగ్గర జవాబు ఉంది. కేంద్ర ప్రభుత్వ వైద్య పథకం ఆయుష్మాన్ భారత్ అమలుపై 2023 ఆగస్టులో పార్లమెంటు ముందుకు వచ్చిన కాగ్ (ప్రభుత్వ లెక్కలు తనిఖీ చేసే సంస్థ) నివేదిక చూడండి. ఒకే ఫోన్ నంబరు, అదీ తొమ్మిది అంకెను వరసగా పదిసార్లు వేసిన నంబరు, దాదాపు ఏడున్నర లక్షల మంది లబ్ధిదారుల పేర్ల పక్కన ఉంది. అంతకుముందే చనిపోయినట్టు నమోదైన 3,446 మంది రోగుల పేరిట 6.97 కోట్ల రూపాయలు చెల్లించారు. ఇవి గాయం మానిన ఫొటో అడగకపోవడం వల్ల తప్పిపోయినవి కావు. ఉన్న సమాచారాన్ని పక్కపక్కన పెట్టి సరిచూడకపోవడం వల్ల తప్పిపోయినవి. దొంగ బిల్లు పెట్టేవాడి కాగితాలే తరచుగా అన్నిటికన్నా నిండుగా, శుభ్రంగా ఉంటాయన్నది కూడా నేను గమనించిన విషయం.

ఎంప్యానెల్‌మెంట్ రెన్యువల్, అంటే పథకం ఆసుపత్రుల జాబితాలో కొనసాగడానికి చేసుకునే పునరుద్ధరణ, గురించి ఒక్క మాట. అగ్నిమాపక శాఖ ధ్రువపత్రం, కాలుష్య నియంత్రణ మండలి అనుమతి, స్కానింగ్ యంత్రానికి లింగనిర్ధారణ నిరోధక చట్టం కింద రిజిస్ట్రేషన్, 2002 నాటి రాష్ట్ర చట్టం కింద ఆసుపత్రి రిజిస్ట్రేషన్, ఇవన్నీ ప్రభుత్వ విభాగాలు ఇచ్చినవే. ఒక శాఖ ఇచ్చిన పత్రాన్ని మరో శాఖ నేరుగా చూసుకోగలిగే ఈ రోజుల్లో వాటిని మళ్లీ మళ్లీ మా చేత ఎక్కించడం దేనికి? కార్పొరేట్ ఆసుపత్రికి ఈ పనికి ప్రత్యేక విభాగమే ఉంటుంది. భార్యాభర్తలిద్దరూ డాక్టర్లయి చిన్న పట్నంలో నడుపుకునే ఆసుపత్రికి అంత స్తోమత ఎక్కడిది? బిల్లు ఆగితే వాళ్లు నర్సుల జీతాలకు అప్పు చేస్తారు, ఆ తర్వాత మెల్లగా పథకం రోగులకు పడకలు లేవనడం మొదలవుతుంది.

ఈ విషయం ఇప్పుడే ఎందుకు రాస్తున్నానంటే, రెండున్నర లక్షల రూపాయల వరకు బీమా సంస్థల ద్వారా, ఆపైన 25 లక్షల వరకు పథకాన్ని నడిపే ప్రభుత్వ ట్రస్టు ద్వారా వైద్యం అందించే విధానానికి ఆంధ్రప్రదేశ్ మంత్రివర్గం 2025 సెప్టెంబరులో ఆమోదం తెలిపింది. 2007లో ఆరోగ్యశ్రీ మూడు జిల్లాల్లో మొదలైనప్పుడూ బీమా సంస్థ ద్వారానే నడిచింది కనుక ఇది మనకు పూర్తిగా కొత్త కాదు. కానీ ఖర్చు రెండున్నర లక్షలు దాటే రోగి ఫైలును ఇద్దరు చూడాల్సి వస్తే, ఇద్దరూ వేర్వేరుగా కొర్రీలు వేస్తే, అదే వృద్ధురాలు పట్నానికి ఎన్నిసార్లు రావాలి? రాష్ట్రంలోని క్లెయిములకు 15 రోజులు, ఇతర రాష్ట్రాల రోగులవైతే 30 రోజులు అని ఆయుష్మాన్ భారత్ మార్గదర్శకాలు చెల్లింపునకు గడువు పెట్టాయి. కొర్రీ పడ్డాక ఆ గడువును ఎక్కడి నుంచి లెక్కించాలన్నదే అసలు పేచీ.

అందువల్ల బీమా సంస్థలతో రాసుకునే ఒప్పందంలోనే ఈ షరతు ఉండాలని వైద్యారోగ్య శాఖను కోరుతున్నాను: క్లెయిము అందిన ఏడు రోజుల్లోగా అభ్యంతరాలన్నీ ఒకేసారి చెప్పాలి, మోసం అనుమానం ఉంటే తప్ప రెండోసారి కొత్త కొర్రీ వేయకూడదు, ట్రస్టు ఒకసారి ఆమోదించిన పత్రాన్ని బీమా సంస్థ మళ్లీ అడగకూడదు. ఆ షరతులు రాసే ముందు జిల్లాకు ఇద్దరు మెడ్కోలను, ఇద్దరు ఆరోగ్యమిత్రలను పిలిచి ఒక పూట వారి మాట వినాలని కూడా మనవి.

— ఒక నెట్‌వర్క్ ఆసుపత్రి మెడ్కో, గుంటూరు జిల్లా