పాల్వంచ టవర్లు నిలబడ్డప్పుడు ఎవరు వీడియో తీశారు?

ఎడిటర్ గారికి నమస్కారం.

2024 ఆగస్టు 5న పాల్వంచలో కేటీపీఎస్ (కొత్తగూడెం థర్మల్ పవర్ స్టేషన్) పాత ప్లాంటులో వేడి నీళ్లు చల్లార్చే కూలింగ్ టవర్లు ఎనిమిదింటినీ పేలుడు పదార్థాలు పెట్టి కూల్చేశారు కదా, ఆ వీడియో నా ఫోన్‌కి ఎన్ని గ్రూపుల నుంచి వచ్చిందో లెక్కలేదు. అన్నీ ఆ కొన్ని క్షణాలవే. నడుము సన్నగా ఉండే అంతంత టవర్లు తడిబట్ట జారినట్టు జారి దుమ్ములో కలిసిపోయాయి. మరి దశాబ్దాల పాటు అవి నిలబడి ఉన్న కాలం సంగతి? అది తీసినవాళ్లు నాకైతే కనపడలేదు.

డాక్యుమెంటరీ అనగానే మనవాళ్లు ఒక గంభీరమైన గొంతు, వెనక వీణ పెట్టేస్తారు. అవేమీ వద్దండీ. స్టాండ్ మీద కెమెరా పెట్టి, కదపకుండా పది నిమిషాలు ఊరుకుంటే చాలు. చలికాలం పొద్దున కూలింగ్ టవర్ మీంచి లేచేది (పొగ కాదు, నీటి ఆవిరి, చాలామంది ఇప్పటికీ పొగే అనుకుంటారు) ఎక్కడ మబ్బులో కలుస్తుందో కనిపెట్టలేం, అదే ఎండాకాలం మధ్యాహ్నమైతే అలా పైకి రాగానే మాయం. ఈ తేడా మాటల్లో చెప్తే ఎవరికి ఎక్కుతుంది?

దామరచర్ల దగ్గర 4000 మెగావాట్ల యాదాద్రి థర్మల్ ప్లాంటులో తొలి యూనిట్ 2024లో మొదలైంది. ఫిల్మ్ కోర్సులు చేసే పిల్లలు దాన్నైనా ఏటా ఒకే చోటు నుంచి తీస్తూ పోవచ్చు. గేటు లోపలికి పర్మిషన్ రాదంటారా, రోడ్డవతల పొలం గట్టు చాలు, కాకపోతే ఆ రైతుని ఓ మాట అడిగి పెట్టండి.

– ఒక పాఠకుడు, ఖమ్మం