లండన్‌లో ఉన్న చిన్నికి

కాకినాడ

చిరంజీవి చిన్నికి నాన్న ఆశీర్వదించి రాసేది. ఇక్కడంతా క్షేమం. అమ్మమ్మ మోకాళ్ల నొప్పులు అలాగే ఉన్నాయి. ఆవకాయ ఊరింది, ఎవరైనా వస్తుంటే బాబాయ్ పంపిస్తానన్నాడు.

ఈమధ్య ఫోన్ చేస్తే వీడియో ఆపేసి మాట్లాడుతున్నావు. నీ ఉద్యోగం గురించి పిన్ని ఏదో విందట. నేనేమీ అడగను. డచ్చి చిత్రకారుడు రెంబ్రాంట్ గురించి నాలుగు ముక్కలు రాద్దామని కూర్చున్నాను.

రంగుల్లో వేసినవీ, రాగిరేకు మీద గీసి అచ్చు తీసినవీ కలిపి తన మొహమే ఎనభై దాకా వేసుకున్నాడాయన. పాతికేళ్లు నిండకముందే అద్దంలో నోరు తెరిచి, కళ్లు పెద్దవి చేసి, బొమలు ముడిచి చూసుకుంటూ గీసేవాడు. వాటిలో కొన్ని తపాలా బిళ్ల కంటే కాస్త పెద్దవి, అంతే. కోపమూ ఆశ్చర్యమూ తన మొహం మీదే నేర్చుకున్నాడు.

1656లో దివాలా తీశాడు. కూడబెట్టుకున్న బొమ్మలు, ఆఖరికి ఇల్లు కూడా అమ్ముడుపోయాయి. భార్య సాస్కియా అంతకు చాలాముందే, 1642లో పోయింది. అలాంటి మనిషి 1658లో బంగారు రంగు అంగీ, ఎర్ర దట్టీ, చేతిలో కర్రతో రాజులా కూర్చున్నట్టు పెద్ద కాన్వాసు మీద తననే వేసుకున్నాడు. దర్జా అంతా ఉంది, అయినా కళ్లలో అలసట దాచలేదు. అప్పులవాళ్లు వాకిట్లో ఉన్నా అద్దం ముందు కూర్చోవడం మానలేదమ్మా. నువ్వు మాత్రం బొమ్మలు మానేశావేమోనని నా దిగులు. ఉద్యోగానిదేముంది, ఇంకోటి వస్తుంది. చెయ్యి ఒకసారి ఆగితే మళ్లీ కదలడం కష్టం. విసుక్కోకు, రోజూ కాసేపైనా గియ్యి. జుట్టు దువ్వుకోకపోయినా ఫర్వాలేదు, మొహం చూపించు.

మీ ఊళ్లో నేషనల్ గ్యాలరీలో ఆయన 63 ఏళ్ల బొమ్మ ఉంది. 1669లో, తను చనిపోయిన ఏడాదే వేసుకున్నది. అంతకు ముందటేడే కొడుకు టైటస్ పోయాడు. ఎక్స్‌రే తీస్తే, మొదట చేతిలో కుంచె పెట్టి, తర్వాత దాన్ని కప్పేసి చేతులు కలిపి పెట్టుకున్నట్టు మార్చాడని తేలింది. జారిన బుగ్గలు, నెరిసిన జుట్టు మాత్రం ఉన్నవున్నట్టే ఉంచాడు. వెళ్లి దగ్గరగా నిలబడి చూడు, టికెట్టు కూడా అక్కర్లేదు. చెవులకు గుడ్డ కట్టుకుని వెళ్లు.

వేళకి తింటున్నావా? అద్దెకి ఎంత తక్కువైందో రాయి, పంపిస్తాను. పిన్నికి చెప్పనులే.

మీ నాన్న