మా తండా బడికి నేనొక్కదాన్నే టీచర్‌ని: ఎన్నికల కమిషనర్ గారికి బహిరంగ లేఖ

రాష్ట్ర ఎన్నికల కమిషనర్ గారికి నమస్కారం.

నేను వరంగల్ జిల్లాలో, నర్సంపేట వైపు ఒక తండా ప్రాథమిక పాఠశాలలో ఎస్జీటీని, అంటే సెకండరీ గ్రేడ్ టీచర్‌ని. ఒకటి నుంచి ఐదో తరగతి దాకా ఇరవై ఒక్క మంది పిల్లలు, టీచర్‌ని నేనొక్కదాన్నే. 2025 డిసెంబర్ పంచాయతీ ఎన్నికల్లో నాకు రెండు విడతల డ్యూటీ పడింది, 11న ఒక ఊళ్లో, 17న ఇంకో ఊళ్లో. చేశాను. మళ్లీ వేసినా చేస్తాను. డ్యూటీ తప్పించమని ఈ లేఖ రాయడం లేదు, అందుకే చివరిదాకా చదవమని అడుగుతున్నాను.

పోలింగ్ పొద్దున 7 నుంచి మధ్యాహ్నం 1 దాకానే కదా, అర పూట పనికి ఇంత టెన్షన్ ఎందుకు అని మా చుట్టాలే అంటారు. ముందురోజు పొద్దున్నే పంపిణీ కేంద్రానికి పోయి సామగ్రి తీసుకుని, బ్యాలెట్లు లెక్కపెట్టుకుని, బస్సు ఎప్పుడు కదిలితే అప్పుడు ఊరు చేరాలి. రాత్రి ఆ ఊరి బడిలోనే పడక. మధ్యాహ్నం 2 నుంచి లెక్కింపు, అది కాగానే ఉప సర్పంచ్ ఎన్నిక, ఆ తర్వాత సామగ్రి అప్పగింత. 11న నేను చేసిన ఊళ్లో సర్పంచ్ తేడా నాలుగంటే నాలుగు ఓట్లు. ఓడినాయన తరఫు వాళ్లు మళ్లీ లెక్కపెట్టాలన్నారు. కిటికీ చువ్వలు పట్టుకుని బయట ఊరంతా నిలబడి ఉంది, లోపల మేము చలికి కొంకర్లు పోయిన వేళ్లతో ఆ గులాబీ రంగు బ్యాలెట్లను ఒక్కొక్కటే విప్పి, ముద్ర ఏ గుర్తు మీద పడిందో ఏజెంట్లకు చూపిస్తూ కూర్చున్నాం. ఆ నాలుగు ఓట్లు వాళ్లకు ఎంత పెద్దవో తెలుసు కాబట్టి ఎవరం విసుక్కోలేదు. అప్పగించి బయటపడేసరికి రాత్రి 11 దాటింది. ఆడవాళ్లను దింపడానికి బండి ఉంటుందన్నారు, ఆ టైంకి బండీ లేదు, చెప్పినవాళ్లూ లేరు. మా ఆయన ముప్పై కిలోమీటర్లు బైక్ మీద వచ్చి తీసుకెళ్లాడు.

అదంతా నేను పడ్డదే, పడతాను. నా బాధ బడి గురించి.

శిక్షణకు రెండు రోజులు, పంపిణీకి రెండు, పోలింగ్‌కు రెండు, మొత్తం ఆరు పనిదినాలు నేను బడిలో లేను. పక్క ఊరి టీచర్‌ని సర్దుబాటు చేస్తామన్నారు గానీ ఆమెకూ అదే రోజు డ్యూటీ పడింది. 10న పిల్లలు వచ్చి తాళం వేసిన తలుపు ముందు కూర్చున్నారట. వంట అక్క ఫోన్ చేసి "ఎంతమందికి బియ్యం పొయ్యమంటవ్ మేడం?" అని అడిగితే, హాజరు వేయనిదే భోజనం లెక్కలో పడదు, ఏం చెప్పాలో నాకు తోచలేదు. మూడో తరగతి పాప ఒకామె, చదవడం, రాయడం నేర్పే తొలిమెట్టు కార్యక్రమంలో అప్పుడప్పుడే ఒత్తులు పట్టుకుంటోంది, 'అక్క', 'అత్త', 'పువ్వు' చదువుతోంది. 18న మళ్లీ చదివిస్తే 'అక' అని ఆగిపోయి నా మొహం చూసింది. వెళ్లేటప్పుడు "రేపన్నా వస్తవా మేడం?" అని అడిగింది.

చట్టం నాకు తెలుసు. 2009 విద్యాహక్కు చట్టం 27వ సెక్షన్ టీచర్లను చదువుకు సంబంధం లేని పనులకు పెట్టొద్దంటూనే జనగణన, విపత్తు సాయం, ఎన్నికలకు మినహాయింపు ఇచ్చింది, స్థానిక సంస్థల ఎన్నికలూ అందులో ఉన్నాయి. కానీ అంతకు ముందే, 2007లో, సెయింట్ మేరీస్ స్కూల్ కేసులో సుప్రీంకోర్టు టీచర్లను ఎన్నికల పనికి సెలవు రోజుల్లో, బడి లేని రోజుల్లో వాడుకోవాలని, మామూలుగా బడి రోజుల్లో బడి వేళల్లో పెట్టొద్దని, బోధనేతర సిబ్బందిని మాత్రం ఏ రోజైనా పెట్టుకోవచ్చని చెప్పింది.

అది కుదిరే పని కాదంటారేమో. కుదిరింది మేడం, మీ షెడ్యూల్‌లోనే కుదిరింది. రెండో విడత 14న పెట్టారు, అది ఆదివారం, పంపిణీ జరిగిన 13 రెండో శనివారం. మా తండా పోలింగ్ ఆ ఆదివారమే, నా క్లాస్‌రూమ్‌లోనే జరిగింది, మా పిల్లలకు ఒక్క పూట కూడా పోలేదు. మొదటి విడత గురువారం, మూడోది బుధవారం, ఆ రెండింటితోనే నష్టం. అంతకు ముందు సంవత్సరం నవంబర్‌లో ఇంటింటి కుటుంబ సర్వేకి కూడా మా ప్రాథమిక టీచర్లనే పెట్టి బడులు ఒంటిపూట నడిపారు. సర్వే వేరే శాఖది, అయినా పోయింది ఇవే పిల్లల చదువు.

వచ్చే ఎన్నికలకైనా విడతలన్నీ ఆదివారాలకు పెట్టండి, మధ్యలో వారం ఎడం వచ్చినా పర్వాలేదు. శిక్షణ కూడా సెలవు రోజే పెట్టండి, మేము వస్తాం. డ్యూటీలు కంప్యూటర్‌లో లాటరీలా వేసే ర్యాండమైజేషన్‌కు పేర్లు ఎక్కించేటప్పుడే ఏకోపాధ్యాయ బడి అని ఒక గడి పెట్టించి, బదులు టీచర్ పేరు రాయనిదే మా పేరు ముందుకు కదలకుండా చేయండి. లెక్కింపు అయ్యాక ఆడవాళ్లను ఇళ్ల దగ్గర దింపే బండి, దాని డ్రైవర్ నంబర్ డ్యూటీ ఆర్డర్ మీదే రాయించండి.

ఇట్లు,
ఒక తండా బడి టీచర్,
వరంగల్ జిల్లా