తొలివారం చప్పట్లు చాలవు, మళ్లీ మళ్లీ అడగాలి

సంపాదకుల వారికి,
నమస్కారం.

ఏ దేశం తన సైన్యాన్ని సరిహద్దు దాటించినా వారం తిరక్కుండానే ఒక సర్వే వచ్చేస్తుంది. ఇంత శాతం జనం ప్రభుత్వం వెనకే ఉన్నారని టీవీలో పెద్ద అంకె కనిపిస్తుంది. ఆ తర్వాత ఏళ్ల తరబడి యుద్ధం సాగినా పాలకులు ఆ మొదటి అంకెనే చూపిస్తుంటారు. నా అభ్యంతరం అక్కడే. పరాయి దేశంలో సైనిక చర్యకు జనం మద్దతు ఒక్కసారి తీసుకుని బీరువాలో పెట్టుకునేది కాదు. గడువు పెట్టి, ఆ గడువు తీరగానే మళ్లీ అడగాలి. అలా అడిగి తీరాలని చట్టం ఉండాలి. మన దేశంలో అలాంటి చట్టం లేదు కాబట్టే ఈ ఉత్తరం రాస్తున్నాను.

తొలి రోజుల అంకె ఎంత త్వరగా కరిగిపోతుందో వియత్నాం చూపించింది. 1964 ఆగస్టులో అమెరికా అధ్యక్షుడికి సైనిక చర్య అధికారం ఇచ్చే తీర్మానం ప్రతినిధుల సభలో 416-0 ఓట్లతో, సెనేట్‌లో 88-2తో గట్టెక్కింది. కాదన్నది ఇద్దరే సెనేటర్లు, వేన్ మోర్స్, ఎర్నెస్ట్ గ్రూనింగ్. ఏడాది తర్వాత గ్యాలప్ అనే సంస్థ చేసిన సర్వేలో ఆ యుద్ధంలోకి దిగడం తప్పన్నవాళ్లు 24 శాతం. 1968 నాటికి వాళ్లు సగం దాటారు. విచిత్రం ఏమిటంటే, ఆ ఇద్దరు సెనేటర్లూ పదవులు పోగొట్టుకున్నది ఆ 1968లోనే. జనం వాళ్ల మాటకు వచ్చారు గానీ, ఆ మాట ముందే చెప్పినవాళ్లు అప్పటికి ఇంటికి పోయారు. ఆ యుద్ధంలో 58 వేల మందికి పైగా అమెరికా సైనికులు చనిపోయారు. చనిపోయిన వియత్నాం ప్రజల సంఖ్య దానికి ఎన్నో రెట్లు. వాళ్ల అభిప్రాయం ఈ సర్వేల్లో లేదు.

అసలు సర్వేలో ఏం అడిగారన్నదే సగం సంగతి. 2003లో ఇరాక్ యుద్ధానికి ముందు బ్రిటన్‌లో అడిగిన ప్రశ్నలు చూడండి. ఐక్యరాజ్యసమితి అనుమతి ఉంటే యుద్ధానికి మీరు సరేనా అంటే నలుగురిలో దాదాపు ముగ్గురు సరేనన్నారు. అనుమతి లేకపోతే అన్నప్పుడు నలుగురిలో ఒక్కరే. అదే జనం, అవే రోజులు. చివరికి అనుమతి లేకుండానే యుద్ధం మొదలైంది. అయితే తమ కుర్రాళ్లు అక్కడ కాల్పుల మధ్య ఉన్నారన్న టెన్షన్ మొదలయ్యేసరికి మద్దతు సగం దాటింది. దీన్ని నేను తప్పుపట్టను, మనిషి స్వభావం అది. ఇంట్లో పిల్లాడు ప్రమాదంలో ఉన్నప్పుడు వాడు అక్కడికి ఎందుకెళ్లాడని ఎవరూ వాదన పెట్టుకోరు. కానీ ఆ ఆత్రుతను యుద్ధానికి ఆమోదంగా లెక్కవేయడం మోసం. సైనికుడి క్షేమం కోరుకోవడం వేరు, అతన్ని పంపిన నిర్ణయాన్ని సమర్థించడం వేరు. ఈ రెంటినీ కలిపేసి, ప్రశ్న అడిగినవాణ్ని సైన్యానికి వ్యతిరేకిగా నిలబెట్టడం అన్ని దేశాల్లోనూ చూస్తున్నాం.

మన అనుభవం మనకే ఉంది. 1987 జులై 29న కొలంబోలో రాజీవ్ గాంధీ, శ్రీలంక అధ్యక్షుడు జయవర్ధనే ఒప్పందంపై సంతకాలు చేశారు. మర్నాటి నుంచే మన శాంతి పరిరక్షక దళం జాఫ్నాలో దిగింది. మొదట్లో అక్కడి తమిళులు పూలదండలతో ఎదురొచ్చారు. అక్టోబరుకల్లా అదే దళం తమిళ సాయుధ సంస్థ ఎల్‌టీటీఈతో యుద్ధంలో ఉంది. ఆ నెల 11వ తేదీ రాత్రి జాఫ్నా విశ్వవిద్యాలయ ఆవరణలో హెలికాప్టర్ల నుంచి దిగిన సిక్కు లైట్ ఇన్‌ఫాంట్రీ జవాన్లు 30 మంది. వెనకాల రావలసిన దళం రాలేకపోయింది. తెల్లారాక పోరు ముగిసేసరికి ఆ 30 మందిలో 29 మంది చనిపోయారు, ఒక్కరు బందీగా చిక్కారు. శాంతి కాపాడటానికని పంపిన దళంలో జరిగిన సంగతి ఇది. యుద్ధానికి వెళ్తున్నామని వాళ్లకూ ఎవరూ చెప్పలేదు, మనకూ చెప్పలేదు.

పని మారింది, శత్రువు మారాడు, ఖర్చు మారింది. అయినా ఈ కొత్త పనికి మీరు ఒప్పుకుంటారా అని పార్లమెంటులో ఓటు పెట్టి అడగాలన్న నిబంధన ఏదీ లేదు. మన రాజ్యాంగం 53వ అధికరణం ప్రకారం రక్షణ దళాల సర్వోన్నత ఆధిపత్యం రాష్ట్రపతిది, ఆచరణలో నిర్ణయం కేంద్ర మంత్రివర్గానిది. దళం పూర్తిగా వెనక్కి వచ్చేసరికి ప్రభుత్వమే మారిపోయింది. 1990 మార్చిలో చివరి బృందం వచ్చేనాటికి సుమారు 1200 మంది జవాన్లను పోగొట్టుకున్నాం. తిరిగొచ్చినవాళ్లకు మద్రాసులో స్వాగతం పలకడానికి అప్పటి ముఖ్యమంత్రి కరుణానిధి వెళ్లలేదు. ఆయన కోపం తమిళులున్న చోట సాగిన ఆ యుద్ధం మీద, దెబ్బ తగిలింది మాత్రం ఓడ దిగిన జవానుకి. జనాన్ని సరైన వేళ సరైన చోట అడక్కపోతే వాళ్ల అసమ్మతి ఇలా అడ్డదారిన బయటికొస్తుంది. దాన్ని మోయాల్సినవాడు ఆదేశం పాటించిన మనిషి.

మనకు చట్టం లేకపోయినా జనాభిప్రాయం పనిచేసిన సందర్భమూ ఒకటి ఉంది. 2003 ఏప్రిల్‌లో లోక్‌సభ ఇరాక్ మీద దాడిని 'నింద' అనే హిందీ మాటతో ఖండించింది. ఆ వేసవిలో ఇరాక్‌కు మన సైనికులను పంపమని అమెరికా గట్టిగా అడిగింది. పంపుదామన్న వాదన ఢిల్లీలో బలంగానే నడిచింది. చివరికి జులై 14న భద్రతా వ్యవహారాల మంత్రివర్గ సంఘం ఐక్యరాజ్యసమితి అనుమతి లేకుండా పంపబోమని తేల్చింది. ప్రతిపక్షం, పత్రికలు, మామూలు జనం ముందే గొంతెత్తడం వల్లే అది సాధ్యపడిందని నా నమ్మకం. మరోసారి అదే జరుగుతుందన్న హామీ ఏముంది?

జర్మనీ పద్ధతి నాకు నచ్చుతుంది. అక్కడ 1994లో రాజ్యాంగ న్యాయస్థానం పార్లమెంటు ఒప్పుకోనిదే సాయుధ దళాలను బయటికి పంపకూడదని చెప్పింది. 2005లో దానికి చట్టం చేశారు. ప్రభుత్వం ఇచ్చే ప్రతిపాదన కాగితంలో ఏ పని మీద, ఏ ప్రాంతానికి, ఎక్కువలో ఎక్కువ ఎంతమందిని, ఎన్నాళ్లకు పంపుతున్నారో, ఎంత ఖర్చవుతుందో, ఆ డబ్బు ఎక్కడి నుంచి తెస్తారో రాయాలి. గడువు మామూలుగా ఏడాది. తీరితే మళ్లీ ఓటు. అఫ్గానిస్థాన్‌కు సైన్యాన్ని పంపిన 20 ఏళ్లూ ఇదే నడిచింది. జర్మనీ జనంలో ఎక్కువమంది వద్దనడం మొదలుపెట్టాక కూడా సభ్యులు పొడిగిస్తూనే పోయారు. కాబట్టి ఈ పద్ధతి వల్ల యుద్ధాలు వాటంతటవే ఆగిపోతాయని నేను చెప్పను. కానీ ప్రతి ఏడాదీ ఒక మంత్రి లేచి నిలబడి, పోయిన ఏడాది ఏం చెప్పాం, ఏం జరిగింది అని సమాధానం చెప్పుకోవాల్సి వచ్చింది. ప్రతి సభ్యుడి ఓటూ అతని పేరు మీద ఉండిపోయింది. శ్రీలంకలో మన 32 నెలల్లో అది ఒక్కసారి కూడా జరగలేదు.

అత్యవసరమైతే ఓటు దాకా ఆగుతామా అని అడిగేవాళ్లకు నా జవాబు 1988 మాల్దీవులు. నవంబరు 3న తిరుగుబాటు జరిగి అక్కడి అధ్యక్షుడు సాయం కోరితే ఆ రాత్రికే మన పారాట్రూపర్లు ఆగ్రా నుంచి ఎగిరి వెళ్లి దిగారు. అలాంటప్పుడు ముందు పంపి, తర్వాత సభ ఆమోదం తీసుకోవచ్చు. జర్మన్ చట్టంలోనూ ఆ వెసులుబాటు ఉంది. గంటల్లో తేలిపోయే పనికి, ఏళ్లు పట్టే పనికి ఒకే సాకు చెప్పకూడదు.

చనిపోయినవాళ్లను చూపించడం ఇంకో ముఖ్యమైన విషయం. అఫ్గాన్ యుద్ధంలో చనిపోయిన సోవియట్ సైనికుల శవాలు సీలు వేసిన జింకు పెట్టెల్లో ఇళ్లకు చేరేవి, ఎక్కువ మాట్లాడొద్దని ఇంటివాళ్లకు చెప్పేవాళ్లు. అమెరికాలో 1991 నుంచి 2009 దాకా డోవర్ సైనిక స్థావరానికి వచ్చే శవపేటికలను ఫొటో తీయనివ్వలేదు. ఇంగ్లండ్‌లోని వూటన్ బాసెట్ అనే చిన్న ఊళ్లో మాత్రం 2007 నుంచి వేరే సంగతి జరిగింది. ఇరాక్, అఫ్గానిస్థాన్‌లలో చనిపోయిన బ్రిటిష్ సైనికుల శవపేటికలున్న కార్లు సైనిక విమానాశ్రయం నుంచి ఆ ఊరి పెద్ద వీధిలోంచే వెళ్లేవి. చర్చి గంట మోగేది. దుకాణాల వాళ్లు పని ఆపి బయటికొచ్చి నిలబడేవాళ్లు. పాత సైనికులు తమ పతాకాలను వంచేవాళ్లు. కార్లు ఒక్క నిమిషం ఆగితే ఇంటివాళ్లు వాటి మీద పూలు పెట్టేవాళ్లు. ఎవరూ ఆదేశించలేదు. ఆ వీధిలో నిలబడ్డవాళ్లలో యుద్ధం సరైనదే అన్నవాళ్లూ ఉన్నారు, కాదన్నవాళ్లూ ఉన్నారు. ఇద్దరికీ లెక్క మాత్రం కళ్లముందే ఉంది.

మన ఎంపీలను నేను కోరేది ఒక చిన్న చట్టం. ఐక్యరాజ్యసమితి కింద కాకుండా దేశం బయటికి సాయుధ దళాన్ని పంపితే 30 రోజుల్లో ఉభయసభల ఓటు, ఏడాదికోసారి మళ్లీ ఓటు, ప్రతిసారీ ఎంతమందిని పోగొట్టుకున్నామో సభలో చదవడం.

మీకూ ఒక విన్నపం. ఎక్కడైనా యుద్ధం మొదలైతే మీరూ సర్వే అచ్చు వేస్తారు. ఆ శాతం పక్కనే అడిగిన ప్రశ్నను ఉన్నదున్నట్టు వేయండి. ఆరు నెలల తర్వాత అదే ప్రశ్న మళ్లీ ఎవరైనా అడిగితే, ఆ జవాబును కూడా అదే పేజీలో, అంతే పెద్ద అక్షరాలతో వేయండి.

ఇట్లు,
మీ పాఠకుడు,
విశ్రాంత సాంఘిక శాస్త్ర ఉపాధ్యాయుడు